ఎవరబ్బాయివి?

1966 డిసెంబర్ 8. విజయవాడ. అర్ధరాత్రి కావస్తోంది. సత్తెనపల్లిలో మాచర్ల బండెక్కి, గుంటూరు మీదుగా వచ్చి, ఈ రోడ్డు మీద నిలబడ్డావు. ఇంట్లో చెప్పలేదు. పల్చటి చొక్కా. చలిగా ఉంది.

పుస్తకావిష్కరణ అన్నారు కదా, వేదిక కోసం చూస్తావు. శాలువా లేదు, అధ్యక్షుల వారు లేరు. ఓ హోటల్ సర్వర్ ముందుకొస్తాడు. పేరు జంగాల చిట్టి. దిగంబర కవుల రెండో సంపుటి విడుదల చేసేది అతనే. కిందటేడు మే 6 అర్ధరాత్రి హైదరాబాదులో మొదటి సంపుటిని రిక్షా తొక్కే నాంపల్లి పండు విడుదల చేశాడని విని నవ్వావు. ఇప్పుడు నవ్వు రావడం లేదు.

పుస్తకం నీ చేతికొచ్చింది. వీధి దీపం కిందికి జరుగుతావు. ఈ కవులు తమ కవితల్ని దిక్కులంటారు. రెండు పేజీలు తిప్పేసరికి చెవులు వేడెక్కాయి. ఇంత పచ్చిగా రాయొచ్చా? నాన్న కంటబడితే?

ఈ దిగంబర కవులు ఆరుగురూ పేర్లు మార్చుకున్నారు. వీరవెల్లి రాఘవాచార్యులు జ్వాలాముఖి అయ్యాడు. బద్దం భాస్కరరెడ్డి చెరబండరాజు. మానేపల్లి హృషీకేశవరావు నగ్నముని. పేరు చెప్పగానే కులం లెక్కగట్టే ఊళ్ల నుంచి వచ్చినవాడివి, ఆ తెగింపు ఎంతటిదో నీకు తెలుసు. కానీ ఒక్కసారి చిట్టి వైపు చూడు. ఆచార్యులూ రెడ్డీ వదిలేస్తే తిరుగుబాటు. చిట్టి ఏం వదలాలి?

కవిత్వానికి భయపడేదేముందంటావా? బెంగాలీ హంగ్రీ జనరేషన్ ఉద్యమ కవి మలయ్ రాయ్‌చౌధురీని ఒక్క కవితకి 1964లో అరెస్టు చేశారు. నిరుడు కలకత్తా కోర్టు 200 రూపాయల జరిమానా వేసింది. ఇక్కడేమో విశాఖ ఉక్కు అడిగినందుకు మొన్న నవంబర్ 1న కాల్పులు జరిగాయి. గుంపులో నిలబడాలంటేనే గుండె దడ.

జనం పల్చబడ్డారు. స్టేషన్ వైపు నడుస్తావు.

వెనక బూట్ల చప్పుడు.

పుస్తకం చొక్కాలోకి తోస్తావు. పారెయ్యాలా? పరుగెత్తాలా? కాళ్లు కదలవు. మొహం మీద టార్చి.

"ఏ ఊర్రా?"

"సత్తెనపల్లండి."

"ఎవరబ్బాయివి?"

గొంతు తడారింది. ఒట్టి పేరు చెప్పొచ్చు. ఇందాకటి ధైర్యం అదే. లోపల అట్ట పొట్టకి గుచ్చుకుంటోంది.

నాన్న పేరు చెప్తావు. ఇంటిపేరుతో సహా.

టార్చి కిందికి దిగింది.

"అలాగా. ఇంత రాత్రప్పుడు తిరక్కండి బాబూ, వెళ్లండి."