రూపాయి మారకపు రేటు వివాదం (గోదావరి డెల్టా)

1920, 30 దశకాల్లో రూపాయి విలువ ఎంత ఉండాలన్న దానిపై బ్రిటిష్ ఇండియాలో సాగిన వాదం ఇది. వరి అమ్మి శిస్తు కట్టే గోదావరి జిల్లాల రైతుకు ఇది బతుకు సమస్య.

1926లో కరెన్సీపై నియమించిన హిల్టన్ యంగ్ కమిషన్ రూపాయికి 18 బ్రిటిష్ పెన్నీల రేటును సిఫారసు చేసింది. సభ్యుడు పురుషోత్తమదాస్ ఠాకుర్‌దాస్ 16 పెన్నీలే న్యాయమని విభేదించినా, 1927 చట్టం 18నే ఖాయం చేసింది. రూపాయి ప్రియమైతే దిగుమతి సరుకు చవకవుతుంది, పంటకు వచ్చే రూపాయలు తగ్గుతాయి. శిస్తు, అప్పు మాత్రం తగ్గవు. 1929 తర్వాతి ఆర్థికమాంద్యంలో ధాన్యం ధర కూలినప్పుడు, ధవళేశ్వరం ఆనకట్ట కింద నీటికి కొరతలేని రైతులు సైతం అప్పుల్లో కూరుకుపోయారు. ఆ పతనానికి రేటు ఒక్కటే కారణం కాదు, కానీ భారాన్ని అది పెంచింది.

1930 జనవరిలో గాంధీ పెట్టిన 11 డిమాండ్లలో 16 పెన్నీల రేటు, శిస్తు సగానికి తగ్గింపు పక్కపక్కనే ఉన్నాయి. అయినా రేటు మారలేదు. తర్వాత గోదావరి జిల్లాలను కూడా పాలించిన మద్రాసు కాంగ్రెస్ ప్రభుత్వం, ద్రవ్యవిధానం తన చేతిలో లేక, అప్పుల వైపు నుంచి నరుక్కొచ్చింది. 1932 అక్టోబరు 1కి ముందు రైతులు చేసిన అప్పులపై 1937 అక్టోబరు 1 నాటికి పేరుకున్న వడ్డీని 1938 చట్టంతో రద్దు చేసింది. ఇది డెల్టా రైతుకు కొంత ఊరటనిచ్చింది. 18 పెన్నీల రేటు 1966 జూన్ 6న రూపాయి విలువ తగ్గించేదాకా కొనసాగింది.