కోపానికి చట్టం ఇచ్చిన గడువు

భార్యనో, ఆమె ప్రియుణ్నో చంపిన భర్తకు ఉరి తప్పే దారి 1860 నాటి భారత శిక్షాస్మృతిలోనే ఉండేది. తీవ్రమైన, ఆకస్మికమైన కవ్వింపు వల్ల నిగ్రహం కోల్పోయి చంపితే అది హత్య కిందికి రాదని 300వ సెక్షన్ మొదటి మినహాయింపు చెప్పేది. అప్పుడు పడేది 304వ సెక్షన్ శిక్ష: యావజ్జీవం, లేదా పదేళ్లకు మించని జైలు. ఆ మినహాయింపులో ఆడా మగా భేదం రాయలేదు. కానీ తీర్పులు వరసగా చదువుతూ పోతే ఈ దయను ఎవరి కోపానికి సరిపడా కుట్టారో తెలుస్తుంది. ఒక్కసారిగా భగ్గుమని, అక్కడికక్కడే ఎదుటివాళ్లను పడగొట్టగల మగవాడి కోపానికది సరిగ్గా సరిపోయింది. ఏళ్ల తరబడి దెబ్బలు తిన్న ఇల్లాలి కోపం అందులో పట్టలేదు.

ఇలా అంటే, ఆకస్మికత అందరికీ ఒకటే కదా, కోర్టు గడియారం చూస్తుంది గానీ మనిషిని కాదు కదా అని ఎదురు ప్రశ్న వస్తుంది. 1881లో మద్రాసు హైకోర్టు ముందుకొచ్చిన కేసు చూడండి. భార్య మరొకడితో ఉండగా భర్త కళ్లారా చూశాడు. ఆ రాత్రి అన్నం తినలేదు. మర్నాడు పొద్దున కూలి డబ్బులకు రైతుల దగ్గరికి వెళ్లాడు. ఆ ఇద్దరూ కలిసి తింటూ కనిపించేసరికి ఆ మగవాణ్ని కత్తితో నరికి చంపాడు. మధ్యలో ఒక రాత్రంతా గడిచింది. అయినా ముందురోజు చూసినదాన్ని, మర్నాటి దృశ్యాన్ని కలిపి చూడాలని, ఆ రెండూ కలిస్తే కవ్వింపు తీవ్రమే, ఆకస్మికమేనని కోర్టు అంది. అంటే గడియారాన్ని సాగదీయడం మన న్యాయమూర్తులకు చేతకాని పని కాదు. ఆ తరవాత ఆంధ్రప్రదేశ్ హైకోర్టు కూడా, కొత్తగా కాపురానికొచ్చిన భార్య తనకు వేరొకరి వల్ల గర్భం వచ్చిందని ఒప్పుకోగానే ఆమె గొంతు పిసికిన యువకుడికి ఇదే మినహాయింపు వర్తింపజేసింది.

ఇలాంటి తీర్పులన్నిటినీ ముందు పెట్టుకొని 1961 నవంబరులో నానావతి కేసులో సుప్రీంకోర్టు తీర్పు రాసినవారు రాజమండ్రికి చెందిన జస్టిస్ కోకా సుబ్బారావు. నావికాదళ అధికారి నానావతి భార్య నోటి నుంచి విషయం విని, ఓడకు వెళ్లి రివాల్వరు తీసుకొని, ఆమె ప్రియుడి ఇంటికెళ్లి కాల్చాడు. జ్యూరీ ఎనిమిది మంది ఒకవైపు, ఒకరు మరోవైపుగా నిర్దోషి అంది. సుప్రీంకోర్టు మాత్రం మధ్యలో దాదాపు మూడు గంటలు గడిచాయని, కోపం చల్లారడానికి అది చాలని హైకోర్టు వేసిన యావజ్జీవ శిక్షను ఖాయం చేసింది. చివరికి 1964లో గవర్నరు క్షమాభిక్ష పెట్టారు, అది వేరే కథ. అయితే అదే తీర్పు మరో మాట కూడా చెప్పింది: చనిపోయిన వ్యక్తి అంతకుముందు చేసిన పనులు నిందితుడి మనసును ఎలా సిద్ధం చేశాయో కోర్టు లెక్కలోకి తీసుకోవచ్చు. భర్త చేతిలో నలిగిన భార్యకు పనికొచ్చే మాట ఇదే. చాలాకాలం దాన్ని ఆ వైపు నుంచి ఎవరూ అంతగా వాడుకోలేదు.

1989లో మద్రాసు హైకోర్టు ఆ వైపు నడిచింది. భర్త పెట్టే బాధ పడలేక పిల్లలతో సహా బావిలో దూకి, పిల్లలు పోయి తాను బతికిన తల్లి కేసులో, కవ్వింపు దీర్ఘకాలం సాగిందైనా శిక్ష తగ్గించే కారణమవుతుందని అంది. ఆ సందర్భంలో, పిల్లలతో బావిలో ప్రాణం తీసుకున్న నల్లతంగాళ్ అనే తమిళుల జానపద కథనూ తలచుకుంది. ఈ కేసులో ప్రాణం పోయింది భర్తది కాదు, పిల్లలది. దయకు అది కొంత దారి సులువు చేసిందేమో. 2013లో గౌహతి హైకోర్టు భర్తను చంపిన భార్యకే శిక్ష తగ్గించింది గానీ, ఆమె తిరగబడి కొట్టింది అతను కొడుతున్న సమయంలోనే.

ఈ గడువును ఇంకా పొడిగిస్తే పథకం వేసుకుని చంపినవాళ్లంతా పాత బాధలు ఏకరువు పెట్టి తప్పించుకుంటారన్నది గట్టి అభ్యంతరమే. కానీ ఇక్కడ అడుగుతున్నది విడుదల కాదు, నేరం స్థాయి తగ్గింపు. పదేళ్ల జైలు చిన్న శిక్ష కాదు. పైగా పాత బాధను రుజువు చేయాల్సింది నిందితురాలే. బలం తక్కువైన మనిషి ఎదురుపడి కొట్టలేక అదను కోసం కాచుకుంటుంది, చట్టం ఆ కాచుకోవడాన్నే పథకం అంటుంది. ఈలోగా చట్టం మిగతా చోట్ల మారింది. 2018లో సుప్రీంకోర్టు వ్యభిచారం నేరం కాదంది. శిక్షాస్మృతి స్థానంలో 2024 జులై 1న అమల్లోకొచ్చిన భారతీయ న్యాయ సంహిత, పాత 304కు బదులైన 105వ సెక్షన్‌లో కనీస శిక్షగా ఐదేళ్లు చేర్చింది. పాత 300కు బదులైన 101వ సెక్షన్‌లోని మొదటి మినహాయింపులో మాత్రం కవ్వింపు ఇప్పటికీ ఆకస్మికంగానే ఉండాలి.