కబ్జా అనే మాట

ఇవాళ కబ్జా అంటే మనకు ఆక్రమణే. చెరువుల కబ్జా, శ్మశానాల కబ్జా అని పత్రికలు రాస్తుంటాయి. నిజాం కాలపు ఉర్దూ కచేరీల్లో మాత్రం ఆ మాటకు భూమి ఎవరి స్వాధీనంలో ఉందన్నంతవరకే అర్థం. హక్కు వేరు, కబ్జా వేరు. హక్కు సంగతి సివిల్ కోర్టు తేలుస్తుంది. క్రిమినల్ కోర్టుకు పట్టా ఎవరిదన్న దానితో పెద్దగా నిమిత్తం లేదు. చేలో ఎవరున్నారు, ఎవరు కొట్టారు, పంట ఎవరు కోసుకుపోయారు అన్నదే దాని ప్రశ్న. చేతిలో కాగితం లేకపోయినా ఏళ్ల తరబడి చేలో ఉన్న మనిషికి ఇది మేలు చేసేలా కనిపిస్తుంది. ఆచరణలో ఎలా ఉంటుందో చాకలి ఐలమ్మ కేసు చూస్తే తెలుస్తుంది.

ఐలమ్మ పేరు చెప్పగానే మనకు ఆమె విగ్రహాలు, పాటలు, ఆమె తెగింపు గుర్తొస్తాయి. కోర్టు గుర్తు రాదు. నల్గొండ జిల్లా జనగామ తాలూకా పాలకుర్తిలో ఆ కుటుంబం మల్లంపల్లి భూస్వామి దగ్గర 40 ఎకరాలు కౌలుకు తీసుకుని, అందులో 4 ఎకరాలు సాగులోకి తెచ్చింది. వెట్టి చాకిరీ చెయ్యాల్సిన కులంలోని ఆడమనిషి సొంతానికి సాగు చేసుకోవడం, పైగా ఆంధ్రమహాసభ సంఘంలో చేరడం! విసునూరు దేశముఖ్ రామచంద్రారెడ్డికి, ఊరి పట్వారీకి అది మింగుడు పడలేదు.

భూమి కావాలనుకున్న దేశముఖ్ ముందుగా భూమి దావా వెయ్యలేదు. సంఘం నాయకుల మీద, ఐలమ్మ ఇంటి మగవాళ్ల మీద హత్యాయత్నం కేసు పెట్టించాడు. ఇందులో మనం గమనించవలసిన లెక్క ఒకటుంది. సివిల్ దావా భూమిని వివాదంలో పెడుతుంది, మనిషి ఇంటి దగ్గరే ఉంటుంది, సాగు సాగుతుంది. క్రిమినల్ కేసు మనుషుల్ని చేలోంచి జైలుకు తీసుకుపోతుంది. మొగుడు, కొడుకులు జైల్లో ఉంటే నాగలి ఎవరు పట్టాలి? జమానతు ఎవరివ్వాలి? కబ్జా దానంతటదే జారిపోతుంది. పైగా ఎవరి కబ్జాలో ఉందో రాసేది పట్వారీ, కచేరీ భాష ఉర్దూ. ఇంట్లో మిగిలిన ఆడవాళ్ల శ్రమను ఆ రాతల్లో ఏ గడిలో వెతకాలి?

అయినా కేసు నిలవలేదు. ఐలమ్మ తరఫున నిలబడిన వకీళ్లలో కొండా లక్ష్మణ్ కూడా ఉన్నాడు. కోర్టులో ఓడాక దేశముఖ్ భూమి తనదేనంటూ పంట కోసుకు రమ్మని మనుషుల్ని పంపాడు. భీమిరెడ్డి నర్సింహారెడ్డి వంటి సంఘం కార్యకర్తలు ఐలమ్మ పక్కన నిలిచి వాళ్లను తరిమేశారు. కోసిన పంట ఆమె ఇంటికే చేరింది. తర్వాత కార్యకర్తల్ని పట్టుకుని హింసించారు, ఐలమ్మ ఇల్లు తగలబెట్టారు. ఇల్లు తగలబెట్టిన వాళ్లు మాత్రం ముద్దాయిలు కాలేదు.

ఆ చట్టపు పద్ధతి ఇప్పటికీ ఉంది. భూమి తగాదాలో శాంతిభంగం జరిగేట్టుంటే మెజిస్ట్రేటు హక్కు జోలికి పోకుండా, స్వాధీనం ఎవరిదో తేల్చే క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 145వ సెక్షన్, 2024 జూలై 1 నుంచి నాగరిక్ సురక్షా సంహితలో 164వ సెక్షన్ అయింది. అందులో భూమి అంటే పంట కూడా. వితంతువో, పుట్టింటి వాటా అడిగిన కూతురో తన చేను కోసుకుంటే దొంగతనమనీ, అక్రమ ప్రవేశమనీ బావమరుదులో అన్నదమ్ములో ఫిర్యాదు చెయ్యడానికి ఈ తేడాయే దారిస్తుంది. వాటా సంగతి సివిల్ కోర్టులో ఏళ్లు పడుతుంది. పోలీసు మాత్రం రేపే వస్తాడు.

ఐలమ్మ తన కథను తన నోటితో చెప్పింది. స్త్రీశక్తి సంఘటన సేకరించిన 'మనకు తెలియని మన చరిత్ర'లో అది ఉంది. పుస్తకం 1986లో వచ్చింది. అంతకు ముందే, 1985 సెప్టెంబర్ 10న, ఐలమ్మ చనిపోయింది.