దిమ్మె మీద ఉన్నది ఐదే

పాత బడి కూలగొడతారని తెలిసిన రోజే బొగ్గుముక్క, తెల్లకాగితం పట్టుకుని అక్కడికి వెళ్లాను. మూడో తరగతి గది వెనక, వేపచెట్టు పక్కనున్న సిమెంటు దిమ్మె మన ఊళ్లో ఎరగనివారు లేరు. పచ్చి సిమెంటులో మేస్త్రీ పుల్లతో గీసిన సంవత్సరం గురించే ఇన్నేళ్ల పేచీ. బడి స్వర్ణోత్సవ సంచికలో దాన్ని 1978 అని అచ్చేశారు. ఆ అంకెను పట్టుకుని, మన బుర్రకథ తాత హైదరాబాద్ దూరదర్శన్ వచ్చాకే టీవీలో కనిపించాడని రాశారు. రెండూ తప్పే.

కాగితం పెట్టి రుద్దితే చివరి అంకె నెత్తిన అడ్డగీత తేలింది. ఎనిమిదికి అడ్డగీత ఎక్కడిది? ఏటేటా వేసిన సున్నం నిండి పొట్ట మూసుకుపోయిన ఐదు అది.

హైదరాబాద్‌లో దూరదర్శన్ కేంద్రం మొదలైంది 1977 అక్టోబరులో. అంతకు రెండేళ్ల ముందే, 1975 ఆగస్టు 1న, ఆరు రాష్ట్రాల్లోని సుమారు 2400 పల్లెలకు టీవీ ఆకాశం నుంచి దిగింది. అమెరికావాళ్ల ఏటీఎస్-6 ఉపగ్రహాన్ని ఏడాదిపాటు వాడుకుని ఇస్రో చేసిన ‘సైట్’ ప్రయోగం అది. పాలమూరు పల్లెలకూ అందులో చోటు దక్కింది. కోళ్లగూటికి కట్టే ఇనుప జాలీతో చేసిన పదడుగుల గొడుగును మోసింది ఈ దిమ్మే. పొద్దున బడిపిల్లలకు ఇరవై రెండున్నర నిమిషాలు, సాయంత్రం పెద్దలకు సేద్యం, ఆరోగ్యం, ఆటాపాటా. 1976 జూలై 31తో అంతా సరి. ఆ తర్వాత ఆ పెట్టె వెలగలేదు. హైదరాబాద్ టవరు మనదాకా అందేది కాదు.

తాత కనిపించిన సాయంత్రం నేను నాలుగో తరగతి. బడి ముంగిట చాపల మీద ఊరంతా కూర్చుంది. పెట్టెలో తాత తంబూర మీటుతున్నాడు, ముందు వరసలో అదే తాత మోకాళ్లు ముడుచుకుని చూస్తున్నాడు. మేము ఇటూ అటూ తలలు తిప్పుతూనే ఉన్నాం. తన ఎర్ర తలపాగా నల్లగా పడిందని ఆయన చాలా నొచ్చుకున్నాడు. కథ నడిచినంతసేపే ఆయన టీవీ జీవితం. మళ్లీ ఎవరూ పిలవలేదు.

ఆ రోజు తాత పక్కన గుమ్మెట వాయించింది ఆయన పెద్ద తమ్ముడు. ఆయన 1977 ఎండాకాలంలో పోయాడు, చావడి వెనక ఇంట్లో ఇప్పటికీ తద్దినం పెడుతున్నారు. మరి సంచికవారు చెప్పే 1978లో వాయించింది ఎవరు? రాసేముందు ఆ గడప తొక్కి అడిగివుంటే సరిపోయేది. అడగకుండా రాయడం పరిశోధన కాదు, తాతకు చేసిన అన్యాయం.

సర్పంచిగారికీ కాంట్రాక్టరుకూ నా మనవి ఒక్కటే. గోడలు తీయండి, దిమ్మెను మాత్రం కదపకండి. రుద్దిన కాగితం మా ఇంట్లో ఉంది, ఎవరైనా వచ్చి చూడవచ్చు.