బరంపురం మగ్గం, ఫ్రాన్సు మేధావులు

ఫ్రాన్సు అనగానే బరంపురం తెలుగువాళ్లకు ముందు గుర్తొచ్చేది ఫ్రెంచి సేనాని బుస్సీ. 1753లో నిజాం ఉత్తర సర్కారులను ఫ్రెంచివారికి ధారాదత్తం చేసినప్పుడు, శ్రీకాకుళం సర్కారుతో పాటు బరంపురం ఉన్న గంజాం కూడా వారి పద్దులోకి పోయింది. 1757లో బుస్సీ సేనల దాడిలో బొబ్బిలి బూడిదైంది. సరిగ్గా ఆ ఏళ్లలోనే పారిస్‌లో దిదరో, దలాంబేర్ ఒక విజ్ఞాన సర్వస్వాన్ని అచ్చు వేయిస్తున్నారు. ఫ్రాన్సులో స్థిరపడ్డ నన్ను వోల్టేర్, హ్యూగో, పాశ్చర్‌ల గొప్పతనం ఎక్కడిదని అడిగితే, చేతిపనిని చదువుకు సాటిగా నిలబెట్టిన ఆ గ్రంథాన్నే ముందు చూపిస్తాను.

దిదరో కత్తులు చేసే కమ్మరి కొడుకు. పనివాళ్ల దగ్గరకు వెళ్లి, వాళ్లను అడిగి తెలుసుకుని రాయాలన్నది ఆయన పట్టుదల. మేజోళ్లు అల్లే యంత్రం గురించి స్వయంగా రాశాడు. రాజు కొలువు 1752లో మొదటి రెండు సంపుటాలను నిషేధించింది, 1759లో అనుమతినే రద్దు చేసింది. అయినా 17 సంపుటాల వ్యాసాలు, 11 సంపుటాల చిత్రపటాలు 1772 నాటికి పూర్తయ్యాయి. అందులో పట్టు నేతకే వందకు పైగా పటాలున్నాయి. మగ్గాన్ని ఏ భాగానికా భాగం విడదీసి గీసి, గుర్తులు పెట్టి వివరించారు.

లియోన్ నేతగాడి కొడుకు జకార్డ్ కథ కూడా చేతిపనికి ఫ్రాన్సు ఇచ్చిన ఈ విలువకు సాక్ష్యమే. 1794లో పారిస్‌లో యంత్రాలను భద్రపరిచే సంస్థ పెట్టారు. వోకాన్సాన్ తయారుచేసిన పాత మగ్గాన్ని జకార్డ్ అక్కడే పరిశీలించాడు. 1804 నాటికి చిల్లుల అట్టలతో డిజైను నేసే సాధనాన్ని రూపొందించాడు. ఆ అట్టలే ఇంగ్లండులో బాబేజ్‌కు లెక్కల యంత్రం ఆలోచనలో తోడ్పడ్డాయి. మన నేతగాళ్లు నేటికీ ‘జకార్డు’ అంటున్నది ఈయన పేరే.

దేశాలను ఆక్రమించినవాళ్ల దగ్గర మనం నేర్చుకునేదేమిటని కొందరు అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. కానీ వలస దోపిడీని దుయ్యబట్టిన రేనాల్ గ్రంథంలో పేరు చెప్పకుండా కలం కలిపినవాడూ దిదరోనే. బుస్సీ చేసిన పాపాన్ని దిదరో ఖాతాలో వేయలేం. జకార్డ్ యంత్రం కూలీల పొట్ట కొట్టిందన్న ఆక్షేపణా ఉంది. దారాలు లాగే సహాయకుల పని పోయిన మాట నిజం. అయితే 1831లో లియోన్ నేతగాళ్లు తిరగబడింది ఒప్పుకున్న నేత ధరను వర్తకులు కాదన్నందుకు. యంత్రం ఎంత మంచిదైనా ప్రతిఫలం నేసినవాడికి దక్కకపోతే అన్యాయమేనని అది చెబుతుంది. మన విద్య తండ్రి నుంచి కొడుక్కు వస్తుంది, పుస్తకం ఎందుకన్నది మూడో మాట. కొడుకు మగ్గం వదిలి సూరత్‌కో హైదరాబాదుకో వెళ్లిన రోజున ఆ విద్య ఇంట్లోనే ఆగిపోతుంది.

బరంపురం పట్టుకు భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఇక కుంభం అంచు నేసే పద్ధతి, పడుగు లెక్క, అద్దకం, ఆ పని చేసే చేతుల పేర్లతో సహా తెలుగులోనూ ఒడియాలోనూ పుస్తకానికెక్కాలి. బడా బజార్ వర్తకులు, ఊళ్లోని తెలుగు సంఘాలు, కళాశాలల అధ్యాపకులు కలిస్తే అది అసాధ్యం కాదు. పెద్ద నేతగాళ్లు ఇంకా మగ్గం మీద ఉండగానే మొదలుపెట్టండి.