మంత్రణశబ్దవిచారము

ఉపాధ్యాయశిక్షణకై వెలువడిన తెలుఁగు మనశ్శాస్త్రగ్రంథములలో మూర్తిమత్వము, మంత్రణము, మనశ్చికిత్స యను పదములు తఱచుగాఁ గానవచ్చును. 1968లోఁ దెలుఁగు అకాడమి యేర్పడిన పిదప నున్నతవిద్యకుఁ దెలుఁగున గ్రంథములు సమకూడుటచే నిట్టి పరిభాష వ్యాప్తి నొందినది. మంత్రణమనఁగాఁ జిక్కులోనున్నవానికి సంభాషణమూలమునఁ దోడ్పడుట. ఈ భావమునకు నేఁటి రూపము నిచ్చినవారిలో నగ్రగణ్యుఁడు అమెరికా మనశ్శాస్త్రజ్ఞుఁడు కార్ల్ రోజర్సు (1902–1987). ఆతని భావము మన పదములలో నెంత నిలిచినది, యెంత మాఱినది యనునదియే యిందలి విచారణ.

రోజర్సు రాచెస్టరు నగరమునఁ బండ్రెండేండ్లు కష్టములలోనున్న బాలబాలికలకుఁ దోడ్పడుచుఁ బనిచేసెను. 1942లో 'కౌన్సెలింగ్ అండ్ సైకోథెరపీ' యను గ్రంథమును బ్రకటించెను. హెర్బర్ట్ బ్రయన్ అను కల్పితనామముగల యొకనితో జరిగిన యెనిమిది సంభాషణములు శబ్దయంత్రమున నెక్కింపఁబడి, మాటకు మాటగా నిందు ముద్రితములైనవి. అందుచేఁ జికిత్సకుని పలుకులు సైతము పరీక్షకు లోనయ్యెను. మందలింపువలనను హితోపదేశమువలనను ఫలము కొంచెమనియు, తన చిక్కును విడఁదీసికొను శక్తి మనుజునందే కలదనియు నాతని వాదము. 'రోగి' యను మాటను విడిచి 'క్లయింటు' అను మాటను గ్రహించెను. 1951లో 'క్లయింట్ సెంటర్డ్ థెరపీ' యను గ్రంథమున మూర్తిమత్వమును గూర్చి 19 ప్రతిపాదనములు చేసెను. నిష్కాపట్యము, షరతులు లేని యాదరము, ఎదుటివాని భావము నాతని దృష్టితో నెఱుఁగుట యను మూఁడును జికిత్సకున కావశ్యకములని 1957 నాఁటి వ్యాసమునఁ బ్రతిపాదించెను.

ఇఁక మన పదములు. 'కిత్' ధాతువునకు సన్ప్రత్యయము చేరి వ్యాధిప్రతీకారార్థమునఁ జికిత్సాశబ్ద మేర్పడినది. కనుక రోజర్సు విడిచిన రోగి యీ పదముతో మరల వచ్చినాఁడు. మూర్తి యనఁగా నేర్పడిన యాకారము. రోజర్సు తన 1961 నాఁటి గ్రంథమునకు 'ఆన్ బికమింగ్ ఎ పర్సన్' అని పేరిడి, మనుజుఁడు ఏర్పడినవాఁడు కాఁడు, ఏర్పడుచున్నవాఁడని సూచించెను.

మంత్రణశబ్దము మఱింత విచార్యము. జమ్మలమడుగు చేరువఁ బెమ్మసాని నాయకు లేలిన గండికోట కలదు. అట్టి సీమవారికి మంత్రణమనఁగానే రాజును, మంత్రియుఁ దోఁతురు. మంత్రి హితము చెప్పును; రోజర్సు చెప్పిన సహాయకుఁడు ముందుగా వినును. ఇది భేదము. అయినను మంత్రి చెప్పిన పిమ్మట నిర్ణయము రాజుదే. ఇది సామ్యము. పాఠశాలలో నీ సామ్యము తాఱుమాఱగును. పరీక్షలోఁ దప్పిన విద్యార్థిని బిలిచి యుపాధ్యాయుఁడు బుద్ధి చెప్పి, దానినే మంత్రణమని తలంచినచో, మంత్రియు, రాజును దానే యగుచున్నాఁడు. విద్యార్థికి మిగిలినది తల యూఁచుట మాత్రమే.

మనదేశమున శిష్యుఁ డుపదేశమునే కోరునుగదా యని యాక్షేపింపవచ్చును. మానసికవైద్యుఁడు జె. ఎస్. నేకి 1973లో గురుశిష్యసంబంధమునే చికిత్సకు మాదిరిగాఁ జూపెను. ఆ యాక్షేపము తేలికయైనది కాదు. కాని గురువు నాశ్రయించు శిష్యుఁడు తానై వచ్చినవాఁడు. పిలువఁగా వచ్చి నిలిచిన బాలుఁ డట్టివాఁడు కాఁడు.

కావున నీ పదమును ద్రోసివేయఁ బనిలేదు. నిర్ణయాధికారము విద్యార్థి కుంచి, వినుటను మొదటి ధర్మముగా గ్రహించినచో మంత్రణశబ్దము సార్థకమగును. పదమును బోధించు పండితులు దాని యీ యర్థమును గూడ బోధింతురుగాక.