ఇప్పుడే వస్తాను

చెక్ భాష నాకు రాదు. ఇంగ్లీషు ఉపశీర్షికల సాయంతోనే ‘ప్షియ్దు హ్నెద్’ అనే 1942 నాటి హాస్యచిత్రం చూశాను. ‘ఇప్పుడే వస్తాను’ అని అర్థం. దుకాణదారు కాస్త బయటికి వెళ్తూ తలుపుకి తగిలించే బోర్డు మీది మాట అది. మనం గడప దాటుతూ ‘వెళ్తాను’ అనకుండా ‘వెళ్ళొస్తాను’ అంటామే, అలాంటిదే.

అందులో నటించిన అన్నా లెటెన్‌స్కా కోసమే ఆ సినిమా చూశాను. ఆమె 1904లో ప్ల్జెన్ దగ్గర నీర్జానీలో, ఊరూరా తిరిగి నాటకాలాడే కుటుంబంలో పుట్టింది. ప్రాగ్ రంగస్థలం మీద పేరు తెచ్చుకుంది. సినిమాల్లో మాత్రం కథానాయిక కాదు. నోరున్న పనిమనిషి, గయ్యాళి భార్య, పక్కింటావిడ. కథ కుంటుపడ్డ చోట నవ్వించి నిలబెట్టే పాత్రలు. చరిత్రకారులు అరవాక్యంతో సరిపెట్టే పాత్రలు కూడా ఇవే (ఈ విషయంలో మన సినిమా చరిత్రలేం తక్కువ తినలేదు).

1942 మే 27న ప్రాగ్‌లో నాజీ అధికారి హైడ్రిచ్‌పై దాడి జరిగింది. దాడి చేసిన వారిలో ఒకడైన కుబిష్ గాయాలకు లిచ్కా అనే డాక్టరు కట్టుకట్టాడు. అన్నా రెండో భర్త చలౌన్ ఆ డాక్టరు భార్యకు సాయం చేశాడు. అదీ నేరం. గెస్టపో అతన్ని పట్టుకుపోయింది. ఒటాకర్ వావ్రా దర్శకత్వంలో ఈ సినిమా అప్పుడే తయారవుతోంది. అది పూర్తయ్యే దాకా ఆమెను బయట ఉండనిచ్చారు. భర్త జైల్లో, మొదటి పెళ్లి వల్ల కలిగిన కొడుకు ఇంట్లో, తాను కెమెరా ముందు నవ్విస్తూ. షూటింగ్ అయిపోయింది, సెప్టెంబరు మొదట్లో ఆమెనూ అరెస్టు చేశారు.

అక్టోబరు 24న మౌట్‌హౌసెన్ శిబిరంలో దాడి చేసినవారి బంధువుల్ని, సాయపడినవారిని 250 మందికి పైగా ఒకే రోజు చంపారు. వైద్యపరీక్ష అని చెప్పి లోపలికి పిలిచి, మెడ వెనక కాల్చారు. వారిలో ఈమె ఒకరు. అప్పటికి ముప్పై ఎనిమిదేళ్లు.

ఆ కాలపు చెక్ నటి అనగానే బయటి ప్రపంచానికి గుర్తొచ్చేది గోబెల్స్ ప్రియురాలైన లీడా బారోవా. ఆమెపై 2016లో ఒక సినిమా కూడా వచ్చింది. అధికారంలో ఉన్న మగవాడి పడకగది పక్కన నిలబడిన స్త్రీకి చరిత్రలో చోటు సులువుగా దొరుకుతుంది. బారోవాను తప్పుపట్టడం లేదు, ఆమెకూ నష్టమే జరిగింది. నా కోపం చూపు మీద. లెటెన్‌స్కా గురించి రాసేవారు కూడా చలౌన్ భార్యగానే మొదలుపెడతారు. నేనూ పై పేరాలో దాదాపు అదే చేశాను.

మొదటిసారి చూసినప్పుడు ప్రతి ఫ్రేములోనూ ఆమె ముఖంలో భయం కోసం వెతికాను. దొరకలేదు. తర్వాత సిగ్గేసింది. ఆ రోజుల్లో ఆమె చేతిలో మిగిలింది తన పని ఒక్కటే. దాన్ని పగుళ్లు లేకుండా చేసి వెళ్లింది. నేను పగుళ్లు వెతుకుతూ కూర్చున్నాను.

సినిమా విడుదలయ్యేసరికి ఆమె లేదు. రెండోసారి చూసినప్పుడు ఏమీ వెతకలేదు. ఒకచోట గట్టిగానే నవ్వాను.